మిషారీ ఇంటికొచ్చే గురువారాలు

గురువారం వచ్చిందంటే కళావతికి కాలు ఒకచోట నిలవదు. పొద్దున లేచింది మొదలు వంటింటికీ వీధి గేటుకూ మధ్య తిరుగుతూనే ఉంటుంది. మిలిటరీ కాలేజీలో చదివే మిషారీ వారమంతా అక్కడి హాస్టల్లో ఉండి, ఆ సాయంత్రమే ఇంటికొస్తాడు. వాడి కోసం మసాలా అన్నంలో కోడి వండాలి. పక్కన పచ్చిమిరపకాయల పచ్చడి ఎవరికీ కనబడకుండా దాచాలి. కువైటీ పిల్లాడికి ఈ మంటలేమిటని వాడి తల్లి, పనివాళ్లంతా మామా అని పిలిచే ఇంటి యజమానురాలు, మొదట్లో కోప్పడేది. తర్వాత్తర్వాత ఆవిడే చూసీ చూడనట్టు ఊరుకుంది.

కళావతిది కోడూరు పక్క పల్లె. భర్త పోయాక ఒక్కగానొక్క కూతురు అరుణజ్యోతిని చెల్లెలు మద్దమ్మ చేతిలో పెట్టి విమానమెక్కింది. ఆమె ఈ ఇంటికి వచ్చేసరికి మిషారీ నాలుగేళ్ల పిల్లాడు. మామా బ్యాంకుకు పోయేది. సైన్యంలో అధికారి అయిన తండ్రి నెలలో సగం రోజులు ఇంట్లో ఉండేవాడు కాదు. ఆడుకోవడానికి తోడు లేక పిల్లాడు గోడకేసి బంతి కొట్టుకుంటుంటే చూడలేక, ఒకరోజు కళావతే పొడుగు గౌను నడుముకు దోపి, చెప్పులు విడిచి పెరట్లోకి దిగింది. రెండు పూలకుండీల మధ్య వాడు నిలబడేవాడు, ఆమె తన్నేది. "ఎయ్ కలా, ఎయ్" అని అరిచేవాడు. వాడి నోట మొదట పడిన తెలుగు మాట అదే. ఆమెకు గురి అనేదే లేదు. ఎటు పోతుందో ఆమెకే తెలియని బంతుల్ని పట్టీ పట్టీ పిల్లాడు గోల్‌కీపర్ అయ్యాడని ఆ ఇంట్లో ఇప్పటికీ నవ్వుకుంటారు.

ఈ చలికాలం మొదట్లో మిషారీని కాలేజీ జట్టులోకి తీసుకున్నారు. మిలిటరీ కాలేజీ, పోలీసు కాలేజీ, వాయుసేన వాళ్లు, ఇంకా రెండు మూడు విశ్వవిద్యాలయాలు కలిసి ఆడే పోటీలవి. రంజాన్ నెల ముందర ముగుస్తాయి. మొదటి ఆటలు వరసగా గెలిచారు. మామా చుట్టాలందరికీ ఫోన్లు చేసి చెప్పుకుంది. కళావతి వంటింట్లో నూనె డబ్బాకు ఫోను ఆనించుకుని, కొత్తిమీర తరుగుతూ ఆట చూసేది. మైదానంలో మిగతావాళ్లంతా ఎందుకు పరిగెడుతున్నారో ఆమెకు పట్టదు. కెమెరా మిషారీ వైపు తిరగకపోతే మాత్రం విసుగొచ్చేది.

ఒక గురువారం మిషారీ వచ్చాడు గానీ వంటింట్లోకి రాలేదు. సంచి మెట్ల దగ్గర పడేసి మిద్దె మీదికి పోయాడు. భోజనానికి పిలిస్తే ఆకలి లేదన్నాడు. భుజం పట్టేసిందనీ, అందుకే ఆటకు సెలవిచ్చారనీ తల్లికి చెప్పాడు. మామా డాక్టరు దగ్గరికి పోదామంటే వద్దన్నాడు. కళావతి అన్నీ గమనిస్తూనే ఉంది. నొప్పి అన్న ఆ భుజం మీదే నీళ్ల సీసాల పెట్టె పెట్టుకుని వాడు గబగబా మెట్లెక్కడం ఆమె కంట పడింది. నొప్పి భుజంలో లేదని అప్పుడే అర్థమైంది. ఎక్కడుందో మాత్రం అంతుపట్టలేదు.

ఆ వారం వాడు లేకుండానే జట్టు ఆడి ఓడిపోయింది.

మరుసటి గురువారమూ అంతే. మిద్దె మీద ఈ గోడ నుంచి ఆ గోడకు, ఆ గోడ నుంచి ఈ గోడకు నడుస్తున్నాడు. ఆ అడుగుల చప్పుడు కింద వంటింట్లో ఉన్న కళావతి నడినెత్తిన పడుతున్నట్టుంది. కూరలో ఉప్పు రెండుసార్లు వేసింది. ఇక ఉండబట్టలేక, ఆరిన బట్టలు తెచ్చే నెపంతో బుట్ట చంకనేసుకుని పైకెక్కింది. ఏమైందని అడగలేదు. ఒక్కొక్క బట్టే తీసి నిదానంగా మడతపెట్టుకుంటూ కూర్చుంది. బుట్ట సగం నిండేసరికి వాడే వచ్చి పక్కన కూలబడ్డాడు.

జట్టు కెప్టెన్ పేరు తలాల్. మంచి ఆటగాడు, నోరు మాత్రం దురుసు. ఒకరోజు సాధనలో అందరి ముందూ మిషారీని చిన్నబుచ్చాడు. మేకు దిగేసినట్టు గోలు గీత మీదే నిలబడతావు, ముందుకు ఉరకడానికి భయమా అన్నాడు. మిగతావాళ్లు నవ్వారు. మర్నాడు అదే తలాల్ బంతితో ఒంటరిగా దూసుకొచ్చాడు. మిషారీ ఉరికాడు. ఒళ్లు విసిరేసి పడ్డాడు. వాడి మోకాలు తలాల్ కాలికి తగిలి, ఎండుపుల్ల విరిగిన చప్పుడైంది. తలాల్‌ను స్ట్రెచరు మీద మోసుకుపోయారు. మిషారీని ఎవరూ ఏమీ అనలేదు. కోచ్ కొన్నాళ్లు విశ్రాంతి తీసుకోమన్నాడు, అంతే. కానీ ఆ రోజు నుంచి భోజనాల బల్ల దగ్గర వాడి పక్క కుర్చీలో ఎవరూ కూర్చోవడం లేదు.

కళావతి చేతిలో ఉన్న చొక్కా అలాగే ఉండిపోయింది. వీళ్లిద్దరూ మాట్లాడుకునేది ఆమె ఆ ఇంట్లో నేర్చుకున్న అరబ్బీలోనే. అందులోనే మెల్లగా అడిగింది.

"కావాలని చేశావా?"

లేదంటాడనుకుంది. లేదంటే తల నిమిరి, ఆటలో దెబ్బలు మామూలేనని చెప్పి కిందికి తీసుకుపోదామనుకుంది. వాడు చాలాసేపు పక్కింటి నీళ్ల ట్యాంకు వైపే చూశాడు.

"తెలియదు కలా. బంతి కోసమే పోయాను. కానీ పోయేటప్పుడు కోపంగా ఉన్నాను."

కళావతి ఆ చొక్కా మడతపెట్టి బుట్టలో వేసింది. ఒకసారి పోయి అతన్ని చూసి రమ్మంది. ఏ ముఖం పెట్టుకుని పోను అన్నాడు. మామాకు చెప్పవద్దని ఒట్టు వేయించుకున్నాడు. ఒట్టయితే వేసింది గానీ ఆ మాట మాత్రం లోపల అరగలేదు. కావాలని చేశానన్నా ఒక దారి, చేయలేదన్నా ఒక దారి. తెలియదన్నవాణ్ణి ఎట్లా ఓదార్చాలి?

మర్నాడు శుక్రవారం, కళావతికి సెలవు. బ్నీద్ అల్ గార్ అనే పేటలో తెలుగు ఆడవాళ్లు కొందరు కలిసి ఒక గది అద్దెకు తీసుకున్నారు. సెలవు దొరికినప్పుడు అక్కడ చేరి, వండుకుని తిని, తలలు దువ్వుకుని, ఊళ్లకు ఫోన్లు చేసుకుంటారు. కోనసీమ నుంచి వచ్చిన విజయదుర్గ ఆ రోజు కళావతి పక్కనే కూర్చుని చింతచిగురు ఏరుతోంది. పని చేసే ఇల్లెట్లా ఉందని ఎవరో అడిగితే, ఆ అమ్మాయి నిట్టూర్చింది.

"ఏం చెప్పమంటారండీ. మా ఇంట్లో పెద్దబ్బాయి బంతాటలో కాలు ఇరగ్గొట్టుకున్నాడు. కట్టేసుకుని కింద గదిలో పడుంటన్నాడండి. ఎవరు పలకరించినా కసురుకోడమే. మొన్న అన్నం పళ్లెం గోడకేసి కొట్టేశాడు."

అబ్బాయి పేరేమిటని కళావతి అడిగింది. ఆ అమ్మాయి తలాల్ అని చెప్పింది. కళావతి అన్నం ముందు కూర్చుని మెతుకులు కెలికింది. తిరిగి పోయేటప్పుడు బస్సు కోసం ఇద్దరూ పక్కపక్కన నిలబడినప్పుడు, ఇక దాచుకోలేక, కాలు విరగ్గొట్టిన పిల్లాడు తమ ఇంటివాడేనని చెప్పేసింది.

విజయదుర్గ అటూ ఇటూ చూసి, ఆమెను పక్కకు లాగింది. తనకు ముందు ఆ ఇంట్లో చేసినామెను, ఇంటి మాట బయటపెట్టిందనే ఊరికి పంపించేశారట. ఈ దేశంలో ఉండటానికి ఇఖామా కొట్టించుకుని ఏడాది కూడా కాలేదు, నన్ను ఇందులోకి లాగవద్దని చేతులు పట్టుకుంది. లాగనని కళావతి మాటిచ్చింది. బస్సు కనబడ్డాక ఆ అమ్మాయే గొంతు తగ్గించింది.

"ఒక్కటి చెబుతానక్కా. నేను చెప్పానని ఎక్కడా అనకండి. వాకిట్లో కారాగిందంటే చాలు, కిటికీ తెర తియ్యమంటాడండి ఆ అబ్బాయి. ఆటగాళ్లందరూ వచ్చి ఎళ్లారు. అయినా ఇంకా చూత్తానే ఉన్నాడు."

ఆ వారం గడవడం కళావతికి గగనమైంది. హాస్టల్లో ఉన్నవాడికి ఫోను అందదు. తుడిచిన బల్లే తుడిచింది. బియ్యం కడిగి పొయ్యి మీద పెట్టడం మరిచిపోయి, అన్నం ఎంతకీ ఉడకదేమని చూసుకుంది. ఆ వారం కూడా జట్టు ఓడబోయి, చివర్లో ఎట్లాగో గట్టెక్కి సెమీఫైనల్‌కు చేరింది. గోలు దగ్గర నిలబడిన కొత్త కుర్రాడి చేతుల్లో బంతి తడి సబ్బులా జారిపోవడం ఫోనులో చూసి ఆమె కళ్లు మూసుకుంది.

మిషారీ రాగానే చెప్పింది, తలాల్ నీ కోసం ఎదురు చూస్తుంటాడు, పొమ్మని. నీకెలా తెలుసన్నాడు. కాలు విరిగి మంచంలో పడినవాడు వాకిలి కాక ఇంకేం చూస్తాడంది. పోయి ఏం చెప్పను, తెలియదనా అని వాడు విసుక్కున్నాడు.

"అదే చెప్పు. నాకు చెప్పిందే చెప్పు" అంది కళావతి. "నా దగ్గర చెప్పి ఏం లాభం? విరిగింది నా కాలు కాదు కదా."

మర్నాడు వాడు నమాజు నుంచి వచ్చి, భోజనమయ్యాక, కారు తాళాలు చేతిలో ఆడించుకుంటూ వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు. "నువ్వూ రా కలా" అన్నాడు. సరుకుల కోసం పోతున్నామని కళావతి మామాతో అంది. ఆ ఇంట్లో ఇన్నేళ్లలో ఆమె ఆడిన అబద్ధాలు లేకపోలేదు. విరిగిన కప్పులూ, మాడిన రొట్టెలూ కప్పిపుచ్చే అబద్ధాలవి. ఇది ఆ లెక్కలోది కాదు.

తలాల్ ఇంటి తలుపు తీసింది విజయదుర్గే. కళావతిని చూసి ఆ అమ్మాయి కళ్లు ఒక్కసారి పెద్దవయ్యాయి. మరుక్షణం కొత్తవాళ్లను చూసినట్టు తల దించుకుని, మిషారీకి గది చూపించి, కళావతిని వంటింటి వైపు నడిపించింది. టీ పెట్టబోతే గిన్నె స్టవ్వుకు తగిలి గలగలలాడింది. కళావతి ఆ గిన్నె తీసుకుని తనే పెట్టింది.

గదిలోంచి తలాల్ గొంతు పెద్దగా లేచింది. ఏదో కిందపడి పగిలింది. విజయదుర్గ లేవబోతే కళావతి ఆపింది. ఆ తర్వాత నిశ్శబ్దం. అరుపుల కన్నా ఆ నిశ్శబ్దమే కళావతిని ఎక్కువ వేధించింది. కూర్చోలేక లేచి కిటికీ దగ్గరికి పోయింది, అక్కడా నిలవలేక మళ్లీ వచ్చింది. అంతలో తలాల్ తల్లి వంటింట్లోకి వచ్చింది. ఇద్దరి ముఖాలూ చూసి, మీ ఇద్దరికీ ముందే పరిచయమా అని అడిగింది. మాది ఒకటే భాష మామా, అంది కళావతి. అది అబద్ధం కాదు. ఆవిడ మరో మాట అడగకుండా ఖర్జూరాలు తీసుకుని పోయింది.

మిషారీ ఎర్రబడిన కళ్లతో బయటికొచ్చి, ఇక పోదామన్నట్టు "యల్లా" అన్నాడు. కారు పెద్ద రోడ్డెక్కాక ముక్కలు ముక్కలుగా చెప్పాడు. కావాలని చేశావా అని తలాల్ అడిగాడట. వీడు ఉన్నదున్నట్టు చెప్పాడు. తలాల్ లేచి కొట్టబోయి, లేవలేక గాజు గ్లాసు విసిరేశాడు. తర్వాత ఏడ్చాడు. వీడూ ఏడ్చాడు.

"క్షమించాడా?" అంది కళావతి.

"లేదు. మళ్లీ పరిగెత్తాక ఆలోచిస్తానన్నాడు. కానీ అక్కడే కోచ్‌కు ఫోన్ చేశాడు. సెమీఫైనల్లో నేనే నిలబడాలన్నాడు."

ఆ సాయంత్రం మిషారీ రెండు పళ్లేల అన్నం తిన్నాడు.

అంతటితో అయిపోయిందనుకుంది. రెండు రోజులు గడిచాక మామా వంటింట్లోకి వచ్చింది. మామూలుగా గుమ్మంలో నిలబడే పని చెప్పి పోయే మనిషి, కుర్చీ లాక్కుని కూర్చుంది. తలాల్ తల్లి ఫోన్ చేసిందట, మీ అబ్బాయి పనిమనిషిని వెంటబెట్టుకుని మా ఇంటికొచ్చాడు, మంచి పెంపకం అని మెచ్చుకుందట. మామా గొంతు పెంచలేదు. పెంచినా బాగుండేది.

"భుజం నొప్పి అని నాకు చెప్పాడు. నిజం నీకు చెప్పాడు. తొమ్మిది నెలలు మోసింది నేను."

కళావతి చేతులు తుడుచుకుని నిలబడింది. "అబద్ధం చెప్పింది నేను మామా. వాణ్ణేం అనొద్దు. నన్ను పంపించాలంటే పంపించు."

మామా లేచి వెళ్లిపోయింది.

ఆవిడ బాధ ఎట్లాంటిదో కళావతికి ఎవరూ చెప్పనక్కర్లేదు. అరుణజ్యోతి తిరుపతిలో నర్సు కోర్సు చదువుతూ నిరుడు ఒక పరీక్ష తప్పింది. ఆ సంగతి పిన్ని మద్దమ్మకు ఆ రోజే చెప్పింది. కన్నతల్లికి తెలిసింది చాలా రోజుల తర్వాత, అదీ మద్దమ్మ నోరు జారితే. ఆ రోజు కళావతి పొయ్యి వైపు తిరిగి, ఉల్లిపాయలు తరుగుతున్నట్టు నటిస్తూ ఏడ్చింది. మద్దమ్మ మీద కోపం తెచ్చుకుందామంటే ఆమె చేసిన తప్పేమీ కనబడలేదు. ఇప్పుడు తానే మద్దమ్మ చోట నిలబడింది.

సెమీఫైనల్ దాకా మామా కళావతితో మాట్లాడలేదు. కావలసినవి డ్రైవరుతో చెప్పించింది. పై గదిలో బీరువా తలుపు చప్పుడైతే చాలు, ఊరికి పంపడానికి అందులో దాచిన తన పాస్‌పోర్టు తీస్తున్నారేమోనని కళావతి ఉలిక్కిపడేది. ఊరికి పోతే ఏం చేయాలి, కూతురు చదువు సగంలో ఏం కావాలి అని తెగని లెక్కలు వేసుకునేది. మళ్లీ అంతలోనే, ముందు వాడి ఆట ముగియనీ అనుకునేది.

ఆట రోజు మధ్యాహ్నం మామా గుమ్మంలో నిలబడి, కాఫీ ఫ్లాస్కు తీసుకుని బయల్దేరమంది. మైదానంలో కుటుంబాలు కూర్చునే వైపు ముందు వరసలో ఇద్దరూ పక్కపక్కన కూర్చున్నారు. గాలికి దుమ్ము లేస్తోంది. చంకల్లో కర్రలతో తలాల్ ఆటగాళ్ల బెంచీ మీద ఉన్నాడు. ఎదుటి జట్టు పోలీసు కాలేజీ. మిషారీ గోలు ముందు అటూ ఇటూ తిరుగుతూ చేతొడుగులు పదే పదే బిగించుకుంటున్నాడు.

ఆట మొదలైన కాసేపటికే పోలీసు కాలేజీ కుర్రాడొకడు బంతితో ఒంటరిగా దూసుకొచ్చాడు. మిషారీ రెండడుగులు ముందుకు వేశాడు. అక్కడే ఆగిపోయాడు. ఎందుకు ఆగాడో ఆ మైదానంలో తెలిసినవాళ్లు ముగ్గురే. బంతి పక్కనుంచి లోపలికి పోయింది. కళావతి ఇక కూర్చోలేకపోయింది. లేచి కుర్చీల వెనక, కంచె పొడుగునా నడవడం మొదలుపెట్టింది.

విరామంలో తలాల్ కర్రలు ఊతంగా మైదానం దాటి మిషారీ దగ్గరికి పోయాడు. ఏం చెప్పాడో వినబడలేదు. చెప్పినంతసేపూ ముఖంలో నవ్వయితే లేదు.

రెండో సగంలో మళ్లీ అట్లాంటి ఘడియే వచ్చింది. ఈసారి మిషారీ ఆగలేదు. నేల మీద జారుతూ పోయి బంతిని రొమ్ముకు హత్తుకున్నాడు. ఎదుటి కుర్రాడు వాడి మీదుగా ఎగిరి బోర్లా పడ్డాడు. కళావతి కంచె పట్టుకుని చూస్తోంది. మిషారీ బంతి వదిలేసి, ఆ కుర్రాడి పక్కన మోకాళ్ల మీద కూర్చుని, వాడి కాలు తడిమి చూశాడు. ఆ కుర్రాడు విసుగ్గా చెయ్యి తోసేసి లేచి పరిగెత్తాడు. రెండు కాళ్లూ బాగానే ఉన్నాయి. కళావతికి అప్పుడు తెలిసింది, తన పక్కన మామా కూడా వచ్చి నిలబడి కంచె పట్టుకుందని.

మిషారీ జట్టు ఒక్క గోలు తేడాతో ఓడిపోయింది. ఆ సీజను అంతటితో ముగిసింది.

జనం లేచి పోతున్నారు. మామా మైదానం వైపే చూస్తూ, ఇన్ని రోజుల తర్వాత నోరు విప్పింది. మిద్దె మీద వాడు నీతో ఏమన్నాడు అని అడిగింది.

"వాణ్ణే అడుగు మామా. నా నోటితో వింటే నీకు ఇంకా కష్టంగా ఉంటుంది."

"అడిగితే చెప్తాడా?"

"అడగొద్దు. పైకి పో. పోయి ఏదో ఒక పని చేసుకుంటూ కూర్చో. వాడే చెప్తాడు."

ఆ సాయంత్రం మామా రెండు గ్లాసుల టీ పట్టుకుని మిద్దెక్కింది. కళావతి కింద ఆకుకూర కడుగుతూ చెవులు రిక్కించింది. అడుగుల చప్పుడు కాసేపు వినబడి ఆగిపోయింది. మాటలు మాత్రం వినబడలేదు. మామా దిగి వచ్చేసరికి చీకటి పడింది. కళ్లు వాచి ఉన్నాయి. ఖాళీ గ్లాసులు తనే కడిగి పెట్టింది. పాస్‌పోర్టు మాట ఆ రోజూ రాలేదు, తర్వాతా రాలేదు.

రంజాన్ సగమయ్యేసరికి తలాల్ కట్టు విప్పారు. కుంటుతూనే ఉన్నాడనీ, మిషారీని ఇంకా ముభావంగానే పలకరిస్తాడనీ, వచ్చే ఏడు జట్టులో మాత్రం ఇద్దరూ ఉంటారనీ తెలిసింది. విజయదుర్గ ఉద్యోగం పదిలంగానే ఉంది. ఇప్పుడు గురువారం వస్తే మిషారీ ముందు తల్లి గదిలోకి పోతాడు. లోపల్నుంచి ఇద్దరి నవ్వులూ వినబడతాయి. కళావతికి సంతోషమే. అయినా గిన్నెలు సర్దే చెయ్యి ఆ నవ్వు దగ్గర ఒక్క క్షణం ఆగుతుంది.

అట్లాంటి ఒక గురువారం సాయంత్రం ఆమె తిరుపతికి ఫోన్ చేసింది. ఎప్పుడూ తిన్నావా, చదువుకున్నావా అని గుక్క తిప్పుకోకుండా అడిగే మనిషి, ఆ రోజు ఏమీ అడగలేదు.

"ఏందిమా, పలకవు?" అంది అరుణజ్యోతి.

"ఏం లేదులే పాపా. ఊరికే చేసినా. నువ్వేమన్నా చెప్తే విందామని. పని చేసుకుంటాండాలే, నువ్వు మాట్లాడు."

ఆ పిల్ల హాస్టల్లో నీళ్లు సరిగా రావడం లేదనీ, వార్డులో ఒక ముసలామె తనను మనవరాలా అని పిలుస్తోందనీ చెప్పింది. ఇంకేదో చెప్పబోయి, డ్యూటీకి టైమైంది, రేపు చేస్తానని పెట్టేసింది. ఆ ఇంకేదో ఏమై ఉంటుందా అని కళావతి ఫోను చేతిలో పట్టుకుని వంటింట్లో అటూ ఇటూ తిరిగింది. తిరిగీ తిరిగీ, రేపు ఆ పిల్ల ఫోన్ చేసే వేళకు చేతిలో పనేదో ఒకటి ఉంచుకోవాలని, పొట్టు వలవడానికి శనగలు నానబోసింది.